వేరు కంచం... కొల్లూరు నుంచి డిచ్‌పల్లి దాకా

కొల్లూరు ఎక్కడుందని అడిగితే ఒకప్పుడు ముందు పటాన్‌చెరు పేరు చెప్పి, ఆ తర్వాత దారి చెప్పాల్సి వచ్చేది. ఇప్పుడు ఆ బాధ లేదు. ఔటర్ రింగ్ రోడ్డు మీద పోయేవాళ్లకు దూరం నుంచే కనబడుతుంది, వరసలు వరసలుగా లేచిన మేడలతో! 2023 జూన్‌లో ఇక్కడ ప్రారంభించిన డబుల్ బెడ్‌రూం ఇళ్లే 15,660. ఇటు తెల్లాపూర్ వైపు కోట్లు పలికే అపార్టుమెంట్లు, అటు పటాన్‌చెరు, పాశమైలారం ఫ్యాక్టరీల షిఫ్టులకు పరుగెత్తే జనం. వాళ్లలో మన జిల్లాలవాళ్లున్నారు, ఒడిశా, బీహార్‌ల నుంచి వచ్చినవాళ్లూ ఉన్నారు. గోడకు గోడ ఆనుకున్న ఇళ్లే అయినా ఎదురింటివాళ్లది ఏ ఊరో చాలామందికి తెలియదు.

ఇలాంటి చోట కాపురం పెట్టిన ఒక ఇల్లాలిని ఊహించుకోండి. తల దువ్వుకుంటూ అద్దంలో చూసుకుంటే మోచేతి పైన రాగిరంగు మచ్చ ఒకటి కనబడింది. దురద లేదు, నొప్పి లేదు. పసుపు రాసింది, వేపాకు నూరి పట్టించింది, పోలేదు. ఎవరితో చెప్పుకుంటుంది? అత్తగారితోనా? ఎదురింటి అక్కతోనా? చాలామంది చేసే పని ఒకటే... జాకెట్ చేతులు ఇంకో రెండంగుళాలు పొడుగు కుట్టించుకోవడం!

మచ్చ చెయ్యలేని చెరుపు ఆ దాచుకోవడం చేస్తుంది. ఎందుకు దాచుకోవలసి వస్తుందో తెలియాలంటే కొంచెం వెనక్కి వెళ్లాలి, కొంచెం దూరం ప్రయాణం చెయ్యాలి. కొల్లూరు నుంచి గంటలోపు ఒక మజిలీ, మూడు గంటల్లో ఇంకో మజిలీ. రండి, వెళ్లొద్దాం.

పేరెత్తితేనే భయం

మన అమ్మమ్మల కాలంలో కుష్టు అనే మాటను నోటితో పలికేవారు కాదు. 'పెద్దరోగం' అనేవారు, 'మహారోగం' అనేవారు. పేరెత్తితే ఇంట్లోకి వస్తుందేమోనని బెదురు! పూర్వజన్మ పాపమని కొందరు, ఎవరి శాపమో తగిలిందని కొందరు. శ్రీకృష్ణుడి కొడుకు సాంబుడు శాపం వల్ల కుష్టు పాలై, సూర్యుణ్ణి ఆరాధించి బాగుపడ్డాడన్న పురాణకథ మనకు తెలిసిందే. చర్మవ్యాధులు తగ్గాలని అరసవల్లి సూర్యనారాయణస్వామికి మొక్కుకునేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. మొక్కు మొక్కుకోవడంలో తప్పేం లేదు. కానీ ఆ కథ వెనకే 'తప్పు చేసినవాళ్లకే వస్తుంది' అన్న మాట కూడా మన మనసుల్లో నాటుకుపోయింది. నాగభూషణం గారి 'రక్తకన్నీరు' నాటకం చూడని ఊరు ఆ రోజుల్లో అరుదు. దారి తప్పిన కథానాయకుడికి చివరికి పట్టే గతి కుష్టే. నాటకం జనాన్ని ఏడిపించింది, నవ్వించింది. అయితే ఈ రోగం చెడునడతకు శిక్ష అన్న అభిప్రాయం మాత్రం ఇంకాస్త గట్టిపడింది.

ఇంట్లో ఏం జరిగేది? ముందు కంచం వేరయ్యేది. తర్వాత చెంబు, చాప. ఆ తర్వాత పడక వసారాలోకి, అక్కణ్ణించి పశువుల కొట్టం పక్కకి. చివరికి ఊరి బయటికి. మగవాడికైతే భార్య వెంట ఉండి అన్నం పెట్టేది. ఆడదానికి వస్తే? పుట్టింటికి పంపేసేవారు. పుట్టింట్లో పెళ్లి కావలసిన చెల్లెళ్లుంటే అక్కడా చోటు దొరికేది కాదు.

చట్టం కూడా ఆ భయాన్ని ఆమోదించింది. 1898లో బ్రిటిష్ ప్రభుత్వం కుష్టురోగుల చట్టం చేసింది. అడుక్కుంటున్న రోగిని వారంటు లేకుండా పట్టుకుని ఆశ్రమంలో ఉంచవచ్చు. తినే వస్తువులు అమ్మకూడదని, ఊరి బావిలో నీళ్లు తోడకూడదని, బాడుగ బండి ఎక్కకూడదని ఆంక్షలు పెట్టవచ్చు. నిజాం రాజ్యం ఆ చట్టం కిందికి రాకపోయినా, ఇక్కడి ఊళ్లలో బావి దగ్గర ఆడవాళ్ల చూపులు అంతకన్నా కఠినంగానే ఉండేవి. ఆ చట్టాన్ని పార్లమెంటు పూర్తిగా రద్దు చేసింది ఎప్పుడనుకున్నారు? 2016లో! నూట పద్దెనిమిదేళ్లు బతికిందన్నమాట.

మొదటి మజిలీ: కూకట్‌పల్లి

కొల్లూరు నుంచి తెల్లాపూర్ మీదుగా బీహెచ్ఈఎల్ దగ్గర బొంబాయి రోడ్డెక్కి, మియాపూర్ దాటితే కూకట్‌పల్లి. ఇవాళ అక్కడ బట్టల షాపులు, మెట్రో రైలు, ఇసుక వేస్తే రాలనంత జనం. కానీ 1958లో అది నగరానికి బయట ఒక పల్లె. ఆ సంవత్సరమే అక్కడ శివానంద పునరావాస కేంద్రం మొదలైంది. మొదలుపెట్టింది ఒక ఆడమనిషి... వనపర్తి సంస్థానం రాణీ కుముదినీ దేవి.

ఈవిడ గురించి మన పిల్లలకు తప్పక చెప్పాలి. 1962లో హైదరాబాదు నగరానికి తొలి మహిళా మేయర్ అయ్యారు. అదే ఏడాది నుంచి పదేళ్లపాటు వనపర్తి శాసనసభ్యురాలు. కావాలనుకుంటే పదవులతో, సన్మానాలతో కాలం గడిపేయగలిగిన మనిషి. అలాంటావిడ, జనం ముక్కు మూసుకుని పక్కకు తప్పుకునే మనుషుల కోసం ఇల్లు కట్టించారు. ఋషీకేశ్‌లోని శివానందస్వామి పేరు దానికి పెట్టుకున్నారు. 2009లో ఆవిడ కన్నుమూశారు.

'పునరావాసం' అన్న ఆ మాట గమనించండి. రోగం తగ్గినా ఇంటికి పోలేనివాళ్లు ఉంటారనే కదా అలాంటి ఇల్లు కావలసి వచ్చింది! దేశం మొత్తం మీద కుష్టు బాధితులు గుడిసెలు వేసుకుని, క్రమంగా కాలనీలుగా స్థిరపడ్డ చోట్లు ఏడు వందలకు పైగా ఉన్నాయి. ఎక్కువభాగం ఊరి చివర్నే. వాటిలో ఉంటున్న చాలామందికి జబ్బు ఎప్పుడో నయమైపోయింది. ఇంటివాళ్లు తిరిగి రానివ్వలేదు, అంతే.

డిచ్‌పల్లి దారిలో

రెండో మజిలీకి ఔటర్ రింగ్ రోడ్డే దగ్గర దారి. కొల్లూరు దగ్గర ఎక్కితే పటాన్‌చెరు, సుల్తాన్‌పూర్, దుండిగల్ దాటి మేడ్చల్ దగ్గర దిగాలి. అక్కణ్ణించి నాగపూర్ రోడ్డు. తూప్రాన్, రామాయంపేట, కామారెడ్డి... ఆ తర్వాత నిజామాబాద్ ఇంకాస్త దూరం ఉందనగా డిచ్‌పల్లి. రైల్లో వెళ్లాలనుకునేవాళ్లకు నిజామాబాద్ మార్గంలో డిచ్‌పల్లి స్టేషనుంది.

పిల్లల్ని తీసుకెళ్తే ముందు గుట్ట మీది రామాలయం చూపించండి. రాతి మీద చెక్కిన శిల్పాల వల్ల దీన్ని 'ఇందూరు ఖజురహో' అంటారు. ఇందూరు అంటే నిజామాబాద్ పాత పేరు. పులిహోర, పెరుగన్నం కట్టుకెళ్తే గుట్ట దిగాక ఏ చెట్టు నీడనో కూర్చుని తినొచ్చు. తిరిగి వచ్చేటప్పుడు నిజామాబాద్ దాకా వెళ్లగలిగితే ఏడాదికి సరిపడా పసుపు కొనుక్కోవచ్చు. ఆ జిల్లా పసుపు పేరుమోసింది కదా!

అయితే డిచ్‌పల్లికి వందేళ్ల కిందటే దేశమంతటా పేరు తెచ్చింది గుడీ కాదు, పసుపూ కాదు. అక్కడి విక్టోరియా ఆస్పత్రి.

ఇజబెల్ కెర్ అనే డాక్టరమ్మ స్కాట్లండు నుంచి 1907లో భర్త జార్జి కెర్‌తో కలిసి ఇక్కడికి వచ్చింది. భర్త క్రైస్తవ మతప్రచారకుడు, ఈమె ఆబర్డీన్‌లో వైద్యం చదివింది. నిజామాబాద్ ప్రాంతంలో ఆమె దగ్గరికి అన్ని రోగాలవాళ్లూ వచ్చేవారు. కుష్టువాళ్లకు మాత్రం ఉండటానికి చోటు లేదు. అప్పుడు ఆదుకున్నది రాజా నర్సాగౌడ్ అనే స్థానిక హిందూ ధనికుడు. ఆయన సాయంతో 1915లో డిచ్‌పల్లిలో ఆస్పత్రి నిలబడింది. సముద్రాలు దాటి వచ్చిన క్రైస్తవ డాక్టరమ్మ, డబ్బిచ్చిన హిందువు, రాజ్యమేమో నిజాముది... ముగ్గురి మతాలూ వేరు. ఎవరూ దగ్గరికి రానివ్వని మనుషుల కోసం ఈ ముగ్గురి నీడలోనే ఆ ఆస్పత్రి పెరిగింది. 1923లో కెర్ దంపతులకు కైజర్-ఇ-హింద్ పతకం వచ్చింది.

నూనె సూది నుంచి మాత్రల అట్ట దాకా

అప్పట్లో మందేమిటంటారా? చాల్ముగ్రా జాతి చెట్టు గింజల నూనె. మన ఆయుర్వేదంలో ఉన్నదే. తాగిస్తే వాంతులయ్యేవి. కలకత్తా ట్రాపికల్ మెడిసిన్ స్కూలులో డాక్టర్ మ్యూర్ వంటివారు దాన్ని సూదిమందుగా ఇచ్చే పద్ధతులు మెరుగుపరిచారు. ఇజబెల్ కెర్ డిచ్‌పల్లిలో ఆ వైద్యం చేసింది. సూది పడితే భరించలేని నొప్పి, అదీ నెలల తరబడి. అందరికీ తగ్గేది కాదు. అయినా జనం నడిచి, బండ్లు కట్టుకుని వచ్చేవారు. అంతకుముందు కుష్టు ఆశ్రమమంటే చచ్చేదాకా పడి ఉండే చోటు. ఇప్పుడు బాగవుతుందేమోనన్న ఆశ పుట్టింది. ఆ ఆశ కోసం వాళ్లు ఎంత నొప్పినైనా ఓర్చుకున్నారు.

అదే డిచ్‌పల్లిలో 1920లలో జాన్ లో అనే యువ డాక్టరు పనిచేశాడు. తర్వాత కలకత్తా వెళ్లాడు, అక్కణ్ణించి ఆఫ్రికాలోని నైజీరియా వెళ్లాడు. 1940ల చివర్లో డాప్సోన్ అనే మందును సూదిగా కాకుండా చవకైన మాత్రగా ఇచ్చినా పనిచేస్తుందని చూపించినవాళ్లలో ఆయనొకడు. మన డిచ్‌పల్లిలో పాఠం నేర్చిన చెయ్యి ప్రపంచానికి మాత్ర అందించిందంటే సంతోషమే కదా!

ఒక్క డాప్సోన్‌కే రోగక్రిమి లొంగకుండా పోవడం మొదలయ్యాక, 1981లో ప్రపంచ ఆరోగ్య సంస్థ మందుల్ని కలిపి వాడమంది. రిఫాంపిసిన్, డాప్సోన్, క్లోఫాజిమిన్. మన దేశంలో 1983 నుంచి ఈ బహుళ ఔషధ చికిత్స మొదలైంది. రోగం తీరును బట్టి ఆరు నెలలు లేదా పన్నెండు నెలలు. ప్రభుత్వ ఆస్పత్రిలో మాత్రల అట్టలు ఉచితం. వాడటం మొదలుపెట్టిన కొద్ది రోజుల్లోనే ఆ మనిషి నుంచి ఇంకొకరికి అంటుకునే ప్రమాదం దాదాపు పోతుంది. 2005 డిసెంబరు నాటికి దేశం మొత్తం మీద పదివేల మందికి ఒక్కరికన్నా తక్కువ స్థాయికి రోగుల సంఖ్య దిగింది. 'అయితే పూర్తిగా పోయినట్టే' అనుకున్నాం మనం. పోలేదు. 2023లో కూడా మన దేశంలో లక్షకు పైగా కొత్త కేసులు బయటపడ్డాయి. ప్రపంచంలోని కొత్త కేసుల్లో సగానికి పైగా మనవే.

పెళ్లి మాటల దగ్గర...

మందు వచ్చినా ఇంటి గడప దాటి రానిది ఒకటుంది... ధైర్యం. "పెద్దరోగమున్న ఇంటి పిల్లను ఎట్ల చేసుకుంటం?" అన్న ఒక్క మాట చాలు, ఆ ఇంట్లో ఆడపిల్లలందరి పెళ్లిళ్లూ ఆగిపోవడానికి. ఇది వంశపారంపర్యంగా వచ్చే రోగం కాదు. ఇది ఒక క్రిమి వల్ల వస్తుందని నార్వే దేశపు డాక్టర్ హాన్సెన్ 1873లోనే కనిపెట్టాడు. ఆ క్రిమి సోకినా నూటికి దాదాపు తొంభై అయిదు మందికి తట్టుకునే శక్తి ఒంట్లోనే ఉంటుంది. కంచం వల్ల, గ్లాసు వల్ల, చెయ్యి పట్టుకున్నందువల్ల రాదు. మందు వాడని రోగికి దగ్గరగా చాలాకాలం మెలిగితే, తుమ్ము దగ్గు తుంపర్ల ద్వారా కొద్దిమందికి రావచ్చు. అంతే.

ఇంత తెలిసినా, కుష్టు ఉందని చూపించి విడాకులు కోరే వీలు మన చట్టాల్లో 2019 దాకా ఉంది. హిందూ వివాహ చట్టంలో ఉంది, ప్రత్యేక వివాహ చట్టంలో ఉంది, క్రైస్తవుల చట్టంలో, ముస్లిం స్త్రీలకు సంబంధించిన చట్టంలో కూడా ఉంది. 2015లో లా కమిషన్ తీసెయ్యమంది. 2019లో పార్లమెంటు సవరణ చట్టం చేసి ఆ కారణాన్ని తీసేసింది. ఇవాళ కుష్టు వచ్చిందని చెప్పి భార్యను వదిలించుకోవడానికి కోర్టు ఒప్పుకోదు. ఈ సంగతి మీ చుట్టుపక్కల నలుగురికీ చెప్పండి. తెలియక భయపడి, మచ్చ దాచుకుని బతికే వదినలు, మరదళ్లు ఎందరో!

మాత్రలు వాడేటప్పుడు ఆడవాళ్లకు ఇంకో చిక్కుంది. క్లోఫాజిమిన్ వల్ల ఒళ్లు ఎర్రగా, నల్లగా రంగు మారుతుంది. "ఏమ్మా, ఇట్ల నల్లబడ్డవేంది?" అని ఎవరో ఒకరు అడుగుతారు. ఆ మాటకు జడిసి మాత్రలు మధ్యలో ఆపేసేవాళ్లున్నారు. ఆపకూడదు. కోర్సు పూర్తయ్యాక ఆ రంగు నెలల్లో మెల్లగా తగ్గిపోతుంది. ఆపేస్తే పోయేది రంగు కాదు, వేళ్లలో సత్తువ. మూత్రం ఎర్రగా వస్తే అది రిఫాంపిసిన్ రంగు, కంగారుపడకండి. గర్భిణులు, పాలిచ్చే తల్లులు కూడా ఈ మాత్రలు వాడవచ్చు. అయితే కాన్పు తర్వాత నెలల్లో నరాలు వాచి నొప్పి పుడితే మాత్రం వెంటనే డాక్టరుకు చూపించాలి.

వంటింట్లో స్పర్శ తెలియని చెయ్యి

'వేళ్లు రాలిపోతాయి' అని అందరం వినే ఉంటాం. వెల్లూరు క్రిస్టియన్ మెడికల్ కాలేజీలో 1940ల చివర్లో డాక్టర్ పాల్ బ్రాండ్ దీన్ని శ్రద్ధగా పరిశీలించాడు. వేళ్లు వాటంతటవి రాలవు. నరం దెబ్బతిని నొప్పి తెలియకపోవడం వల్ల కాలినా, తెగినా ఆ మనిషి గమనించడు. పుండు పడుతుంది, చీము పడుతుంది, కొంచెం కొంచెంగా వేలు అరిగిపోతుంది. బిగుసుకుపోయిన వేళ్లను ఆపరేషన్‌తో మళ్లీ కదిలేలా చెయ్యొచ్చని కూడా ఆయన చేసి చూపించాడు.

ఇప్పుడు మన వంటిల్లు గుర్తుచేసుకోండి. పొయ్యి మీద గిన్నె, కాగిన నూనె, పెనం, కత్తిపీట. నొప్పి తెలిస్తేనే చెయ్యి చటుక్కున వెనక్కి తీస్తాం. తెలియని మనిషి వేడి గిన్నెను అలాగే పట్టుకుని దించుతుంది, సాయంత్రం బొబ్బ చూసుకుని "ఇదెప్పుడయింది?" అనుకుంటుంది. అందుకే స్పర్శ తగ్గిన చేతులున్నవాళ్లు గిన్నె దించడానికి ఎప్పుడూ పట్టకారు, మందపాటి మసిగుడ్డ వాడాలి. స్నానం నీళ్ల వేడి మోచేతితోనో, ఇంకొకరి చేతనో చూపించుకోవాలి. రోజూ ఇరవై నిమిషాలు చేతులు, కాళ్లు చల్లని నీళ్లలో నానబెట్టి, తడి ఆరకముందే కొబ్బరినూనె రాయాలి. రాత్రి పడుకునే ముందు అరచేతులు, అరికాళ్లు వెలుతురులో చూసుకోవాలి. చెప్పుల్లేకుండా నడవకూడదు.

మచ్చ చూసుకునే పద్ధతి

ప్రతి మచ్చా కుష్టు కాదు. బొల్లి తెల్లగా పాలిపోయి ఉంటుంది కానీ తాకితే తెలుస్తుంది. తామరకు దురద ఉంటుంది. కుష్టు మచ్చ ఒంటిరంగు కన్నా పాలిపోయి గానీ, ఎర్రగా రాగిరంగులో గానీ ఉంటుంది. దురద ఉండదు, చెమట పట్టదు, వెంట్రుకలు పలచబడతాయి, స్పర్శ తగ్గుతుంది. ఒత్తి చేసే దూదిని సన్నగా కొస తీసి, కళ్లు మూసుకోమని చెప్పి మచ్చ మీద, పక్కన మంచి చర్మం మీద తాకించి చూడండి. పక్కన తెలిసి మచ్చ మీద తెలియకపోతే ఆస్పత్రికి వెళ్లాలి. సూదితో గుచ్చడం, వాత పెట్టడం చెయ్యకండి. చిటికెనవేలు తిమ్మిరెక్కడం, చేతిలోంచి వస్తువులు జారిపోవడం, చెవి తమ్మెలు మందం కావడం, కనుబొమలు రాలడం కూడా చూపించుకోవలసిన గుర్తులే. క్రిమి సోకాక రోగం బయటపడటానికి సగటున అయిదేళ్లు, కొందరికి ఇరవై ఏళ్లు కూడా పడుతుంది. అందుకే 'ఎక్కణ్ణించి వచ్చింది, ఎవరంటించారు' అని తవ్వుకోవడం వల్ల లాభం లేదు. ఇంట్లో ఒకరికి తేలితే మిగతావాళ్లను కూడా పరీక్షిస్తారు. రోగం లేనివాళ్లకు ముందుజాగ్రత్తగా ఒక్క డోసు రిఫాంపిసిన్ ఇచ్చే పద్ధతి కూడా ఉంది.

గాంధీగారు వర్ధా దగ్గర సేవాగ్రామంలో పర్చూరే శాస్త్రి అనే కుష్టురోగిని పక్కనే ఉంచుకుని, స్వయంగా పుండ్లు కడిగి ఒళ్లు పట్టేవారు. అందుకే మన దేశంలో ఆయన వర్ధంతి జనవరి 30ని కుష్టు నివారణ దినంగా పాటిస్తారు. ఆ రోజుల్లోనే కాదు, మధ్యమధ్య కూడా ఆశా కార్యకర్తలు ఇంటింటికీ వచ్చి మచ్చలున్నాయా అని అడుగుతుంటారు. కొల్లూరు మేడల్లోనైనా, పటాన్‌చెరు గల్లీల్లోనైనా తలుపు సందులోంచే "మా ఇంట్లో ఎవరికీ ఏం లేదు" అని పంపేయకండి. లోపలికి పిలిచి, మంచినీళ్లిచ్చి, ఇంట్లో ఆడవాళ్ల వీపులు కూడా చూడమనండి. వీపు మీది మచ్చ మనకు మనం చూసుకోలేం కదా.

ఇంట్లో ఎవరికైనా రోగం ఉందని తేలితే ఆ పూట అందరితో పాటే కూర్చోబెట్టి, అదే కంచంలో వడ్డించండి. మర్నాడు మాత్ర వేసుకున్నారో లేదో అడగండి. ఆరు నెలలో, పన్నెండు నెలలో... ఆఖరి అట్ట అయిపోయేదాకా అడుగుతూనే ఉండండి.